తప్పు బెజ్జం

మా భాషలో వూచ్ అంటే పడవ.
ఊరి ముద్ర మీద కూడా పడవే.
నదులు మాత్రం మిల్లుల కింద గొట్టాల్లో పారుతుంటాయి,
నూరేళ్ళుగా ఎవరి కంటా పడకుండా.
జ్ఞాపకం గురించి ఏదో చేస్తానని
ఇలాంటి ఊరికి ఎవరైనా వస్తే
ముందు నేలకి చెవి ఆనించి చూడమంటాను.

బొగ్నా వచ్చింది.
మూడు కంప్యూటర్లు, ఒక స్కానరు,
పాత మిల్లు అటక మీద దొరికిన
జకార్డు అట్టలు బండెడు.
ప్రొజెక్టర్లు బిగించడం నా పని.
కళ సంగతి నన్నడక్కండి,
కేబుళ్ళ సంగతి అడగండి.

"అట్టకి బెజ్జం ఉంటే పడుగు దారం లేస్తుంది,
లేకపోతే లేవదు. అంతే" అంది.
"నా కంప్యూటరు పుట్టిల్లు ఇదేనయ్యా."

నాలుగు వేల రెండు వందల అట్టలు.
ఒక్కొక్కటే స్కానరు మింగింది.
గోడ మీద పూలు విచ్చుకున్నాయి,
ఎప్పుడో సోఫాలకీ తెరలకీ కోటు లోగుడ్డలకీ నేసిన పూలు,
ఇప్పుడు దారం లేకుండా
ఉత్త వెలుతురుతో.

అన్నీ బాగున్నాయి, ఒక్క పువ్వు తప్ప.
ప్రతి నలభై ఒకటో వరుసలో
ఒక చుక్క పక్కకి జరుగుతోంది,
రేకులో నలుసు పడ్డట్టు.

మూడు రాత్రులు వెతికింది.
ప్రోగ్రాములో తప్పేమో,
లెన్సు మీద దుమ్మేమో,
చివరికి, నా కేబులేమో!
మార్చాను, లోపల్లోపల తిట్టుకుంటూ.
చుక్క కదల్లేదు.
నాలుగో రాత్రి దాన్ని సరిచేసే నాలుగు లైన్లు రాసి పడేసింది.
పువ్వు నున్నగా అయింది.
హోటలు బల్ల మీది ప్లాస్టిక్ పువ్వంత నున్నగా.

ప్రదర్శన రేపనగా
గెనొవేఫా గారు ట్రామెక్కి వచ్చారు.
ఆ అట్టలకి బెజ్జాలు కొట్టిన చెయ్యి.
చెవుల్ని ముప్ఫై ఒక్క ఏళ్ళ మగ్గాల హోరు తినేసింది.
గోడ దగ్గరికెళ్ళి అరచెయ్యి ఆనించింది.
పువ్వు గోడ దిగి ఆమె చేతి మీదికెక్కింది.

"నాదే" అంది. "కానీ నాది కాదు.
నా బెజ్జం ఏదీ?"

బొగ్నా కాగితం మీద పెద్దక్షరాలు రాసి చూపించింది:
ఏ బెజ్జం?

హాలంతా మోగేలా చెప్పింది,
తన గొంతు తనకి వినపడని మనిషి:
"బట్ట అంచున మిల్లు పేరుండేది, మా పేర్లుండవు.
పూలు ఆర్డరు ప్రకారం, ఆకులు ఆర్డరు ప్రకారం.
నలభై ఒకటో వరుసలో ఒక్క బెజ్జం పక్కకి కొట్టేదాన్ని,
తనిఖీవాడి కంటికి ఆననంత.
లూత్సీనాది తొడిమలో.
ఇంకొకావిడది ఎక్కడో, చచ్చినా చెప్పలేదు.
ఆదివారం ట్రాములో
ముక్కూ మొహం తెలీని మనిషి కోటు విప్పితే
లోగుడ్డ చూసి నవ్వుకునేదాన్ని:
ఇదిగో, నేను పోతున్నా
ఆవిడ వీపు మీద, టిక్కెట్టు లేకుండా."

పోయినేడు ఇదే హాల్లో
బొగ్నా తన మొహాన్ని పదకొండు వేల చుక్కలు చేసి
నేనెవర్నని యంత్రాన్ని అడిగింది.
తొంభై ఒక్క శాతం నమ్మకంతో
ఎస్తోనియాలో ఎవరో పళ్ళ డాక్టరు పేరు చెప్పిందది.
జనం పగలబడి నవ్వారు.
ఆమె నవ్వలేదు. అప్పుడు నాకు అర్థం కాలేదు.

నాలుగు లైన్లూ చెరిపేసింది.
చుక్క తిరిగొచ్చింది.
గెనొవేఫా గారు వేలితో తాకి చూసి
ఆశ్చర్యమేమీ పోలేదు.
టీ అడిగింది. చక్కెర మూడు చెంచాలు.

ఆవిణ్ణి ట్రామెక్కించి వచ్చి
నిచ్చెన వేసుకుని
మూడో ప్రొజెక్టరు వెనక
ఒక కేబులు పట్టీ తిరగేసి బిగించాను.
పని మాత్రం బానే చేస్తోంది.